ఒక నివేశన స్థలం పట్టా కథ

ఇది ఒక నివేశన స్థలం పట్టా జీవితకథ. ఇల్లు లేని కుటుంబానికి ప్రభుత్వం స్థలం కేటాయించినప్పుడు దాని హద్దులను, విస్తీర్ణాన్ని, షరతులను రాసి ఇచ్చే హక్కు పత్రమే పట్టా; ఈ పట్టా 2023 మే నెలలో, రాజధాని ప్రాంతమైన అమరావతిలోని ఆర్-5 జోన్ కోసం పుట్టింది.

దాని పుట్టుకకు మూలం 2014 నాటి సీఆర్‌డీఏ చట్టం, అంటే రాజధాని ప్రాంత అభివృద్ధికి చేసిన చట్టం. భూసమీకరణ కింద, ఇచ్చిన భూమికి బదులుగా అభివృద్ధి చేసిన ప్లాట్లు తిరిగి పొందే షరతు మీద, 29 గ్రామాల రైతులు 33 వేల ఎకరాలకు పైగా ప్రభుత్వానికి అప్పగించారు. సమీకరించిన భూమిలో 5 శాతం పేదల ఇళ్లకు ఉంచాలని చెప్పింది కూడా ఆ చట్టమే. ఈ నిబంధనను చూపి ప్రభుత్వం 2022లో చట్టాన్ని సవరించి, రాజధాని వెలుపలి పేదలకూ స్థలాలిచ్చేందుకు ఆ తరువాత ఆర్-5 జోన్‌ను ఏర్పరచింది. రాజధాని కోసం ఇచ్చిన భూమిని వేరే పనికి మళ్లించడం తమతో చేసుకున్న ఒప్పందానికీ, 2022 మార్చి 3 నాటి హైకోర్టు తీర్పుకూ విరుద్ధమని రైతులు న్యాయస్థానానికి వెళ్లారు.

అందువల్ల ఈ పట్టా వ్యాజ్యంతోనే పుట్టింది. పట్టాల పంపిణీకి 2023 మే 17న అనుమతించిన సుప్రీంకోర్టు, అవి హైకోర్టు తుది తీర్పుకు లోబడి ఉంటాయన్న షరతు విధించింది. మే 26న వెంకటపాలెంలో పంపిణీ మొదలైంది. లబ్ధిదారులుగా ప్రకటించిన మహిళలు 50,793 మంది, ఒక్కొక్కరి వాటా ఒక సెంటు. ఎకరంలో నూరోవంతు, అంటే 48.4 చదరపు గజాలు అయిన ఆ సెంటు, అద్దె ఇంట్లో ఏళ్లు గడిపిన తల్లికి చిన్న సంగతి కాదు. జులై 24న ఇళ్లకు శంకుస్థాపన జరిగింది. పది రోజులకే, ఆగస్టు 3న, హైకోర్టు నిర్మాణాలపై స్టే ఇచ్చింది. స్టే అంటే తుది తీర్పు వచ్చేవరకు పని ఆపమనే తాత్కాలిక ఉత్తర్వు. పునాది ఆగిపోగా పట్టా మాత్రం దాన్ని అందుకున్న ఇల్లాలి పెట్టెలో మిగిలింది.

ఈ పట్టాకు రైతు శత్రువు కాడు, దానిని అందుకున్న మహిళ దోషి కాదు. ఒకే చట్టం కింద ఇద్దరికీ మాట ఇచ్చి, ఆ రెండు మాటలకూ పొంతన కుదరకముందే నేలను పంచడమే తప్పు. పట్టాకు విలువ తెచ్చేది ముద్ర కాదు, వివాదం లేని నేల. కాబట్టి పాలకులు ముందు భూమిపై చిక్కులు తీర్చి, న్యాయస్థానాల్లో తగవు తేలిన తరువాతే పేదల చేతికి పట్టా ఇవ్వాలి.