239వ రోజు

నెల్లూరు తీరంలో ఏటా చట్టప్రకారం, అడక్కుండా, ఎవరి సంతకమూ లేకుండా సెలవు దొరికే ప్రాణి ఒకటే ఉంది. దానికి లీవు లెటరు రాయడం రాదు. హాజరు పుస్తకంలో పేరు లేదు, యూనియన్ లేదు, పీఎఫ్ నంబరు లేదు. అయినా ఏప్రిల్ 15 వచ్చిందంటే జువ్వలదిన్నె నుంచి కృష్ణపట్నం దాకా మరబోట్లన్నీ లంగరేసుకుని, జూన్ 14 వరకు 61 రోజులు దాని జోలికి పోకుండా కూర్చుంటాయి. చేపంటే మనకంత గౌరవం. 1994 నాటి సముద్ర మత్స్య నియంత్రణ చట్టం అందుకు అండగా ఉంది. గుడ్లు పెట్టే కాలమని కారణం చెబుతారు. న్యాయమైన కారణమే, నేనూ చేతులెత్తి సమర్థిస్తాను.

సెలవు చేపది, ఇంట్లో కూర్చునేది మనిషి. ఆ మనిషికిచ్చే వేట విరామ భృతి 2025లో పదివేల నుంచి 20,000 రూపాయలకు పెరిగింది. 61తో భాగిస్తే రోజుకు 328 రూపాయలు కూడా నిండదు. అయినా లెక్క బహిరంగంగా ఉంది, ఎవరైనా భాగించి చూసుకోవచ్చు. అసలు చిక్కు ఒడ్డు మీదుంది. రొయ్యల ప్లాంట్లు, నూనె మిల్లులు, కరెంటు కేంద్రాలు, పోర్టు గోడౌన్లు ఉన్న ఈ ఒడ్డు మీద మనిషికి ఏడాదికి జీతంతో ఎన్ని రోజులు సెలవు రావాలో తేల్చడానికి అధికారులు, లాయర్లు, కన్సల్టెంట్లు కలిసి కూర్చున్నా సాయంత్రమవుతుంది.

నిజానికి లెక్క చాలా సులువు. 1948 ఫ్యాక్టరీల చట్టం, 79వ సెక్షన్. జనవరి నుంచి డిసెంబరు లోపు 240 రోజులు పనిచేస్తే, మరుసటి ఏడాది ప్రతి 20 రోజుల పనికీ ఒక రోజు చొప్పున జీతంతో సెలవు. 240ని 20తో భాగిస్తే 12. 310 రోజులు చేస్తే పదిహేనున్నర. సగం రోజు గానీ అంతకు మించి గానీ వస్తే పూర్తి రోజుగా రాయమని చట్టమే చెప్పింది కాబట్టి 16. ఆదివారాలు, పండగ సెలవులు ఇందులో కలపకూడదు. ఐదో తరగతి పిల్లవాడు భోజనం గంట లోపు చేసి పారేసే లెక్క. దీనికోసం ప్రతి ప్లాంటులో ఒక టైమాఫీసు, దానికో ఏసీ, ఆ ఏసీ కింద ముగ్గురు గుమాస్తాలు ఎందుకని మీరడగొచ్చు. వాళ్ళున్నది భాగహారం చేయడానికి కాదు. భాజ్యాన్ని కనిపెట్టుకుని ఉండడానికి. పైనున్న ఆ అంకె 240కి చేరకుండా కాపలా కాయాలి కదా.

కాపలా ఎలా ఉంటుందో రొయ్యల ప్లాంటు గేటు దగ్గర చూడాలి. లారీ వస్తుంది, తలలు తీయాలి రమ్మంటారు. ఆడవాళ్ళు టోపీలు, గ్లౌజులు సర్దుకుని వస్తారు. లారీ రాదు. సగం పూట కూర్చోబెట్టి, సరుకు లేదు ఇళ్ళకు పోండంటారు. ఒప్పందం ప్రకారం గానీ స్టాండింగ్ ఆర్డర్ల ప్రకారం గానీ పని లేక నిలిపేసిన రోజుల్ని లేఆఫ్ అంటారు. ఆ రోజులకు సెలవు జమ కాదు గానీ 240 లెక్కలో మాత్రం కలపాలి. చట్టంలో అట్లా ఉంది. కిటికీ దగ్గర సంభాషణ వేరుగా ఉంటుంది.

"ఏంది సారూ, ఈ నెల పదకొండే హాజర్లు ఏసుండారు?"

"నువ్వొచ్చింది పదకొండే కదమ్మా."

"నేనొచ్చింది ఇరవై నాలుగు. సరుకు రానివి పదమూడు."

"సరుకు రాలేదంటే పని లేదు. పని లేదంటే నువ్వు రానట్టు."

"నేనొచ్చుండా సారూ. రొయ్య రాలా."

"అయితే రొయ్యకి ఆబ్సెంట్ వెయ్యమంటావా?"

వెయ్యొచ్చు. అన్యాయమేమీ లేదు. 2025 ఆగస్టులో అమెరికా మన సరుకు మీద 50 శాతం సుంకం వేసినప్పుడు వనామీ రొయ్య చాలా చోట్ల గైర్హాజరైంది. వాషింగ్టన్‌లో సంతకం పడితే నెల్లూరు టైమాఫీసులో ఎర్ర సిరాతో 'ఏ' పడుతుంది. ప్రపంచీకరణ అంటే ఏమిటో మా ఊళ్ళో ఇంతకంటే వివరంగా ఎవరూ చెప్పలేదు. యజమాని నష్టపోయిన మాట నిజమే, కాదనను. ఆ నష్టం రాసుకోవడానికి బ్యాలెన్స్ షీటు అని ఒకటుంది. ఆమె లీవు బుక్కులో రాయాల్సిన పని లేదు.

ఇంకాస్త తెలివైన చోట హాజరు జోలికే పోరు. కాంట్రాక్టరును మారుస్తారు. అదే గేటు, అదే బల్ల, అదే మేస్త్రి అరుపు. మెడలో కార్డు రంగు మాత్రం నీలం నుంచి ఆకుపచ్చకు తిరుగుతుంది. పాత రోజులేమయ్యాయని అడిగితే పాత కాంట్రాక్టరు పట్టుకుపోయాడంటారు. ఆ మహానుభావుడు ఎన్ని వేలమంది రోజుల్ని ఏ మూటలో కట్టుకుని ఏ ఊళ్ళో దాచాడో ఇంతవరకూ తేలలేదు. 79వ సెక్షన్‌ను కళ్ళజోడు పెట్టుకుని చదివితే అందులో 'ఒక ఫ్యాక్టరీలో 240 రోజులు' అనే ఉంది, ఒక కాంట్రాక్టరు దగ్గర అని లేదు. కాంట్రాక్టరు ద్వారా వచ్చినవాళ్ళూ కార్మికులేనని అదే చట్టం మొదట్లోనే చెప్పింది. కార్డుకు ఎన్ని రంగులు పూసినా గేటు ఒకటే అయితే రోజులు ఎక్కడికీ పోవు. ఈ సంగతి కన్సల్టెంట్లకు తెలుసు. తెలుసు కాబట్టే వాళ్ళ ఫీజు ఎక్కువ.

ఇక ఈ చట్టంలో నాకు అన్నిటికంటే నచ్చిన చోటుకు వస్తాను. శాసనాలు రాసేవాళ్ళకు హాస్యం చేతకాదన్న అపవాదును ఒంటిచేత్తో తుడిచేసే చోటది.

ఒకామె ఏడాదంతా కష్టపడి 239 రోజులు పనిచేసిందనుకుందాం. డిసెంబరు 31 సాయంత్రం చెయ్యి కడుక్కుని ఇంటికి పోయి, జనవరి 1న బుద్ధిగా పనికొచ్చింది. ఆమెకు సెలవులెన్ని? సున్నా. 240కి ఒకటి తక్కువ మరి. ఆమె పక్క బల్ల మీద ఇంకొకామె, సరిగ్గా 239 రోజులే చేసింది. ఈమె డిసెంబరు 31న "మీ పనికో దండం" అని రాజీనామా ఇచ్చింది. ఏడాది మధ్యలో మానేసినా, తీసేసినా, రిటైరైనా, చనిపోయినా 240 నిండకపోయినా సరే, చేసిన రోజులకు అదే చొప్పున సెలవు జీతం లెక్కగట్టి ఇవ్వాలని మూడో ఉపసెక్షన్. 239 బై 20 అంటే పదకొండు చిల్లర, ఆ చిల్లర సగం దాటింది కాబట్టి 12 రోజుల కూలి. అదీ రెండో పనిదినం ముగిసే లోపు చేతిలో పెట్టాలి. చనిపోతే మాత్రం వారసులకు ఇవ్వడానికి రెండు నెలల గడువుంది, తొందరేముంది.

అంటే నమ్మకంగా ఉన్నదానికి సున్నా, పోతానన్నదానికి పన్నెండు. యాజమాన్యాలు ఏటా మేడే నాడు ఉత్తమ కార్మికులకు స్టీలు గిన్నెలు ఎందుకిస్తాయో అని చాలాకాలం ఆలోచించాను. ఈ పన్నెండు రోజులకు బదులేమో.

కొత్త సంవత్సరం నాడు మళ్ళీ అదే గేట్లో చేరతానంటే ఏమంటారో మాత్రం చట్టం చెప్పలేదు. మేస్త్రి చెబుతాడు.

ఈ సెలవు మనకు ఎవరో ఫ్రాన్సు నుంచి తెచ్చి పెట్టారనుకునేవాళ్ళున్నారు. అక్కడ 1936లో సమ్మెలు చేసి రెండు వారాలు సంపాదించుకున్న మాట నిజం. ఇక్కడ వైస్రాయ్ కౌన్సిల్‌లో కార్మిక శాఖ చూస్తున్న అంబేద్కర్ బిల్లు పెడితే 1945లో ఫ్యాక్టరీల చట్టానికి సవరణ వచ్చింది, ఏడాదికి పది రోజులు. ఎనభై ఏళ్ళు గడిచాయి. 240 రోజులు చేసినవాడికి అది పన్నెండయింది. నలభై ఏళ్ళకో రోజు చొప్పున పెరిగిందన్నమాట.

ఇస్కపల్లి ఉప్పు కయ్యల దగ్గరికి పోతే లెక్క మరీ వింతగా ఉంటుంది. కప్పు లేదు, గోడ లేదు, ఉన్నదల్లా ఎండ. అయినా ఉప్పు తయారుచేసే చోటు ఫ్యాక్టరీయేనని సుప్రీంకోర్టు 1961లోనే తేల్చింది. ఆకాశమే ఫ్యాక్టరీ కప్పు. సంతోషమే. వారానికి ఆరు రోజుల చొప్పున 240 నిండాలంటే 40 వారాలు, అంటే తొమ్మిది నెలల పైచిలుకు పని దొరకాలి. ఈశాన్య రుతుపవనాలు అక్టోబరులో దిగి మా తీరాన్ని ముంచెత్తుతాయి. నీళ్ళు నిలిచిన కయ్యలో ఉప్పు పండదు, కూలీ ఇంటికి పోతాడు. ఢిల్లీలో చట్టం రాసినాయన నెల్లూరు వానాకాలం ఎప్పుడూ చూసినట్టు లేదు.

ఇదంతా పాత కథ, కొత్త కోడ్ వచ్చిందిగా అంటారు. వచ్చింది. 2025 నవంబరు 21 నుంచి నాలుగు కార్మిక కోడ్‌లూ అమల్లోకి వచ్చాయి. వృత్తి భద్రత కోడ్ 32వ సెక్షన్ కింద ఇప్పుడు 240 అక్కర్లేదు, 180 రోజులు చాలు. ఇరవైకి ఒకటి అన్న లెక్క మారలేదు, తొమ్మిది రోజులతో మొదలవుతుంది. వాడుకోని సెలవును 30 రోజుల వరకు మరుసటి ఏడాదికి మోసుకుపోవచ్చు, ఏడాది చివర అడిగి డబ్బుగా తీసుకోవచ్చు. మంచి మార్పే. నిక్కచ్చిగా చెబుతున్నా, మంచి మార్పే. టైమాఫీసులో కూడా మార్పు కనిపిస్తుంది. ఇన్నాళ్ళూ 239 దగ్గర ఆగిన పెన్ను ఇక 179 దగ్గర ఆగుతుంది. అరవై రోజుల కాపలా తగ్గినట్టే. సూపర్‌వైజరు పని చేస్తూ నెలకు 18,000 దాటితే ఈ కోడ్ లెక్కలో కార్మికుడు కాదు కాబట్టి, ముత్తుకూరు రోడ్డు పొడవునా సూపర్‌వైజర్ల జనాభా పెరగబోతోందని నా జోస్యం. ఎవరిని సూపర్‌వైజ్ చేస్తారో తర్వాత చూసుకోవచ్చు.

పనిగంటల సంగతీ ఉంది. రోజుకు తొమ్మిది గంటలను పది చేయాలని మన రాష్ట్ర మంత్రివర్గం 2025 జూన్‌లో నిర్ణయించింది. సెలవు లెక్క గంటల్లో లేదు, రోజుల్లో ఉంది. రోజును ఎంత సాగదీసినా హాజరు పుస్తకంలో అది ఒక్క గడే. కోడ్‌లతో పాటు వారానికి నాలుగే రోజులు, రోజుకు 12 గంటలు అన్న మాట కూడా ప్రచారంలోకొచ్చింది. మూడు రోజులు విశ్రాంతి అని చంకలు గుద్దుకునే ముందు ఒకసారి భాగించి చూడండి. వారానికి నాలుగు చొప్పున 52 వారాలకు 208 రోజులు, సెలవు పది. అవే 48 గంటలు ఆరు రోజులు చేస్తే 312 రోజులు, సెలవు పదహారు. చెమట అంతే, సెలవులు ఆరు తక్కువ. పాత చట్టం కిందైతే 208 రోజులకు సున్నాయే కాబట్టి పదికి సంతోషించాలని కన్సల్టెంట్లు అంటారు. సంతోషిద్దాం.

అన్ని గండాలూ గడిచి సెలవు జమైందనుకోండి. తీసుకోవడం ఎలా? పాత చట్టంలో పదిహేను రోజుల ముందు అర్జీ పెట్టాలి, ఏడాదికి మూడు విడతలు మించకూడదు. జబ్బు చేస్తే గడువు పట్టింపు లేదు. నాలుగు రోజులకు తగ్గకుండా సెలవిస్తే, ఆ జీతం సెలవు మొదలయ్యే ముందే చేతికివ్వాలని కూడా రాశారు. ఇది చదివి వినిపిస్తే మా ప్రాంతపు గుమాస్తా ఒకాయన కళ్ళనీళ్ళు వచ్చేదాకా నవ్వాడు.

పదిహేను రోజుల ముందు అర్జీతో నెల్లూరులో ఒక ప్రత్యేకమైన ఇబ్బంది ఉంది. బారాషహీద్ దర్గా దగ్గర రొట్టెల పండగ మొహర్రం నెల పదో రోజుకు మొదలవుతుంది. నెలవంక కనిపించిన రాత్రికి ఇక మిగిలేది పది రోజులే. చంద్రుడు పదిహేను రోజుల నోటీసు ఇవ్వడు కాబట్టి హెచ్‌ఆర్ సెలవివ్వదు. స్వర్ణాల చెరువులో దిగితే ఉద్యోగ రొట్టె ఉంది, పెళ్ళి రొట్టె ఉంది, సంతాన రొట్టె, ఇంటి రొట్టె, చదువు రొట్టె, విదేశాలకు పోయేవాళ్ళకు వీసా రొట్టె ఉన్నాయి. సెలవు రొట్టె మాత్రం ఎవరి చేతిలోనూ కనపడలేదు. ఈ ఏడాది ఎవరైనా మొదలుపెడితే బాగుండునని రొయ్యల ప్లాంటు ఆడవాళ్ళతో అన్నాను.

"కోరిక తీరితే వచ్చే ఏడు మళ్ళా ఈడికే వచ్చి రొట్టె ఇయ్యాల గదయ్యా," అందొకామె. "దానికి సెలవెవరిస్తారు?"