మెయిలు బండిలో వచ్చే పేపరు

ఏమిట్రా అబ్బాయ్ ఆ ఫోనులో? పొద్దున్నే ఫలానా నటుడు పోయాడంటావు. కాఫీ తాగి గ్లాసు కింద పెట్టేలోపల కాదట, బతికే ఉన్నాడట అంటావు. ఎవడు రాశాడురా అంటే ‘వచ్చింది తాతయ్యా’ అంటావు. ఎక్కణ్ణుంచి వచ్చిందో నీకూ తెలీదు, నీకు పంపినవాడికీ తెలీదు. మా రోజుల్లో పేపర్లో చావు కబురు పడిందంటే ఇంట్లో ఆడవాళ్లు స్నానానికి నీళ్లు తోడుకునేవాళ్లు. అంత నమ్మకం. ఆ నమ్మకానికి ఒక ఇంటిపేరుండేది. తప్పు రాస్తే వెళ్లి అడగడానికి ఒక గుమ్మం ఉండేది.

మా ఇంట్లో ‘పత్రిక వచ్చిందా’ అంటే ఆంధ్రపత్రికే, ఇంకో పేరు చెప్పక్కర్లేదు. అది కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు గారి పత్రిక. ఆయనది కృష్ణా జిల్లా ఎలకుర్రు. బతకడానికి బొంబాయి వెళ్లి 1893లో అమృతాంజనం పెట్టాడు. మీ అమ్మ ఇప్పటికీ నుదుటికి రాసుకుంటుందే, ఆ పచ్చ మందు. దాని మీద నాలుగు డబ్బులు రాగానే ఆ మనిషి మేడ మీద మేడ వేసుకోలేదు, 1908లో ఆ బొంబాయిలోనే తెలుగు వారపత్రిక పెట్టాడు. తెలుగుదేశానికి అంత దూరాన కూర్చుని! 1914లో మద్రాసుకు మార్చి, ఏప్రిల్ 1 నుంచి దినపత్రిక చేశాడు. నాలుగైదు నెలలు తిరక్కుండానే యుద్ధం వచ్చిపడింది. రోజూ వార్తలు కావాలని జనం ఎదురుచూస్తున్న వేళకి చేతికి పత్రిక అందింది. ఉప్పు సత్యాగ్రహంలో జైలుకు వెళ్లాడు. కోస్తావాళ్లూ రాయలసీమవాళ్లూ కూర్చుని 1937 నవంబరులో ఒప్పందం రాసుకున్నది మద్రాసులో ఆయనింట్లోనే. ఆ ఇంటి పేరు శ్రీబాగ్. శ్రీబాగ్ ఒడంబడిక అని పరీక్షకి బట్టీ పట్టావుగా, ఎవరిల్లో అడిగావా ఎప్పుడైనా?

ఇప్పుడు పేపరంటే కంప్యూటరు ముందు కూర్చుని టకటకా కొట్టేయడమే. అప్పుడు మద్రాసు తంబుచెట్టి వీధిలో, ఆంధ్రపత్రిక ఆఫీసులో మనుషులు నిలబడి ఒక్కో అక్షరం ఏరి పేర్చేవాళ్లు. మా పెత్తండ్రి గారి అబ్బాయి ఇంకో ప్రెస్సులో కంపోజిటరు. సెలవుల్లో వెళ్లినప్పుడు చూశాను. ఎడంచేతిలో స్టిక్కు, ఎదురుగా ఏటవాలుగా కేసులు, వాటి నిండా చిన్న చిన్న గళ్లు. ఇంగ్లీషుకైతే కాసిని గళ్లు చాలు. తెలుగుకి గుణింతాలు, ఒత్తులు, సంయుక్తాలు కలిసి కొన్ని వందలు. అన్నయ్య కళ్లు కాగితం మీదే ఉండేవి, చెయ్యి దానంతటది గడిలోకి వెళ్లొచ్చేది. సీసం నల్లదనం గోళ్లలోంచి పోయేది కాదు, అన్నం తినేముందు బూడిదతో రుద్దుకునేవాడు. ఆ పైన ప్రూఫు. ఒకాయన కాపీ పైకి చదువుతుంటే ఇంకొకాయన ప్రూఫు మీద వేలు పెట్టి వెంట నడిచేవాడు. ఇంత చాకిరీ ఉన్నచోట అబద్ధం రాయడానికైనా మనిషికి ఓపికుండాలి. మొన్న మా ఇంటికొచ్చే పేపర్లో ‘శ్రద్దాంజలి’ అని అరచేతంత అక్షరాలతో వేశారు, ధ ఒత్తు ఎగిరిపోయింది. ఫోన్ చేసి చెబితే, ‘సాఫ్ట్‌వేర్ సార్’ అన్నాడు ఆ కుర్రాడు. పోయినవాడి ఇంట్లోవాళ్లు ఆ ముక్క కత్తిరించి దాచుకుంటారన్న ఆలోచన లేదు.

మద్రాసులో అచ్చయిన పేపరు రాత్రి మెయిలెక్కి, తెల్లారి బెజవాడలో దిగి, పాసింజరు పట్టుకుని, ఆపైన బస్సు టాపు మీద మా ఊరొచ్చేసరికి మధ్యాహ్నం భోజనాలయ్యేవి. ఊరికి వచ్చేవే నాలుగైదు కాపీలు. మా అరుగు మీద మేష్టారు ముందు సంపాదకీయం చదివేవారు, తర్వాతే మొదటి పేజీ. నడిమి పేజీలు విడదీసి కరణం గారికిచ్చేవారు. ధరవరల పేజీ షావుకారు పట్టుకుపోయేవాడు. చదువు రానివాళ్లు పది మంది మెట్ల మీద కూర్చుని వినేవాళ్లు, మధ్యలో అడ్డం పడి అడిగేవాళ్లు, మేష్టారు మళ్లీ వెనక్కి వెళ్లి చదివేవారు. సాయంత్రానికి పేపరు ముక్కలన్నీ తిరిగి మా నాన్న చేతికి రావాలి. ఒక్క పేజీ తగ్గిందా, ఊరంతా వెతికించేవాడు. ఇప్పుడు మీ ఇంట్లో నలుగురికి నాలుగు ఫోన్లు, ఒకడు చదివింది ఇంకొకడికి తెలీదు.

ఆ పంతులు గారు ఒక్క పేపరుతో ఊరుకున్నాడా? 1924లో భారతి మాసపత్రిక పెట్టాడు. మల్లంపల్లి సోమశేఖరశర్మ గారి శాసనాలు, వేటూరి ప్రభాకరశాస్త్రి గారి వ్యాసాలు, కొత్తగా కలం పట్టిన కుర్రాళ్ల కవిత్వం అన్నీ అందులోనే. తలనొప్పి మందు అమ్మి సాహిత్య పత్రిక నడిపాడు మహానుభావుడు! భారతిలో పద్యం పడితే కవి అన్నమాటే, ఇంకెవరూ సర్టిఫికెట్ ఇవ్వక్కర్లేదు. ఇవాళ ఏ కంపెనీవాడి చేతైనా అలాంటిదొకటి పెట్టించు చూద్దాం. ఎంతమంది చూశారు, ఎంతమంది నొక్కారు అని మొదటిరోజే లెక్కకు కూర్చుంటాడు.

1938 ఏప్రిల్లో పంతులు గారు పోయారు. అల్లుడు శివలెంక శంభుప్రసాద్ గారు భుజాన వేసుకున్నారు. మామగారి పేరు చెడనివ్వలేదు. ఆయన రోజుల్లోనే ఆంధ్రపత్రిక వారపత్రికలో ముళ్లపూడి వారి బుడుగు వచ్చింది, బాపు బొమ్మలతో. వారం వారం మా చెల్లెలూ నేనూ దానికోసం జుట్లు పట్టుకునేవాళ్లం, అమ్మ మధ్యలోకొచ్చి తనే ముందు చదివేసేది. 1972లో శంభుప్రసాద్ గారూ పోయారు. తర్వాత ఆయన కొడుకు రాధాకృష్ణ గారు లాక్కొచ్చారు. ఈలోగా 1974లో విశాఖపట్నంలో ఈనాడు మొదలైంది, కోడి కూయకముందే గుమ్మంలో పేపరు. అంతే, జనానికి మధ్యాహ్నం దాకా ఆగే ఓపిక పోయింది. ఆంధ్రపత్రిక విజయవాడకొచ్చింది, హైదరాబాదుకొచ్చింది, అయినా నిలబడలేకపోయింది. 1991లో మూతపడింది. భారతి కూడా ఆ ఏడే.

తెల్లారకముందు పేపరు రావడం తప్పని నేననను. 1977లో దివిసీమ ఉప్పెనప్పుడు మా పిన్నివాళ్ల ఊరి పేరు కోసం పొద్దున్నే బస్టాండుకు పరుగెత్తి ఆ పేపరే కొన్నాను. మధ్యాహ్నం దాకా ఆగమంటే ప్రాణం ఆగేది కాదు. అవసరానికి తొందర కావాలి, కాదనను. కానీ రోజూ ఉప్పెన వస్తుందట్రా? రోజూ అంత కంగారెందుకు? సినిమావాళ్ల పెళ్లి గంట ఆలస్యంగా తెలిస్తే ఎవడి కొంప మునుగుతుంది? తొందర మప్పి, ఒక పత్రిక నిదానంగా పెంచిన చదువరులందర్నీ చెదరగొట్టారు. అదీ నా కోపం. ఇప్పుడున్నవీ ఇళ్లవాళ్ల పేపర్లేగా తాతయ్యా అంటావేమో. ఉన్నాయి. కానీ ఎవరింటి పేపరుకు ఏ పార్టీయో పేపరు విప్పకముందే చెప్పేస్తున్నావు కదా నువ్వే. పంతులు గారిదీ కాంగ్రెసే. ఆ కాంగ్రెసు కోసం జైలు అన్నం తిన్నాడాయన.

సరే, తిట్టింది చాలు. ప్రెస్ అకాడమీవాళ్లు పాత ఆంధ్రపత్రికలు, భారతి సంచికలు స్కాన్ చేసి పెట్టారట, నీ ఫోనులోనే చూడొచ్చట. ఉగాది సంచిక ఒకటి తియ్యి. మొదటి పేజీ నుంచి చివరిదాకా చదువు, మధ్యలో ఇంకేదీ నొక్కకు. అచ్చు అలికినచోట నన్ను పిలువు, నేను చెబుతాను.