సత్తి వాక్యమునకు టీకా తాత్పర్యము

మూలము: "గీయన సత్తి గాదు, సత్తి లెక్కనే ఉన్నడు."

అవతారిక: రంగారెడ్డి జిల్లా ఇబ్రహీంపట్నమున, సాగర్ రోడ్డు పక్క చాయ్ హోటలులో, గోడ టీవీయందు బిత్తిరి సత్తి ఇంటర్వ్యూ వచ్చుచుండెను. గంతులు లేవు, అరుపులు లేవు. కుదురుగా కూర్చుండి నిమ్మళముగా మాటలాడుచుండెను. అది చూచి ఒక పెద్దాయన పలికిన వాక్యమిది. తక్కినవారు నవ్వి ఊరకుండిరి. మేము ఊరకుండజాలమైతిమి.

ప్రతిపదార్థము: గీయన = తెరపై కనబడుచున్న ఈ ఆయన; సత్తి = వీ6 తీన్మార్ వార్తలలో సావిత్రితో (అనగా శివజ్యోతితో; దానికి వేరొక టీక కావలెను) వాదులాడుచు, కాలుసేతులు తలకొక దిక్కు విసరుచు ఊరి ముచ్చట చెప్పినవాడు; గాదు = కాడు; సత్తి లెక్కనే = సత్తివలెనే (గణితముతో పనిలేదు); ఉన్నడు = స్పష్టము.

పూర్వపక్షము: సత్తి సత్తివలె నుండుట వింతయా? ఉపమేయమునకు తానే ఉపమానమైనచో అది అనన్వయాలంకారము. కావున పెద్దాయన తెలియకయే అనన్వయము చెప్పెనని కొందరు.

అది పొసగదు. అనన్వయమునకు ఇద్దరును ఒక్కరే కావలెను. 'పాడుతా తీయగా'లో బాలసుబ్రహ్మణ్యము బాలసుబ్రహ్మణ్యముగనే కూర్చుండెను. అచ్చట అనన్వయము చెల్లును. ఇచ్చట పెద్దాయన మొదటనే "గాదు" అని గీత గీసినాడు. ఉపమేయము చేవెళ్ల మండలము పామెన గ్రామమున పుట్టిన రవికుమార్, అనగా సత్తి వేషము కట్టువాడు. ఉపమానము ఆ రవికుమార్ నోట పుట్టిన సత్తి. ఉపమేయము కంటె ఉపమానము ప్రసిద్ధమై యుండవలెనని ఆలంకారికుల కట్టడి. అది ఇచ్చట పూర్తిగా నెరవేరినది: కన్నవాని కంటె పుట్టినవాడే ప్రసిద్ధుడు. వీ6 నుండి టీవీ9కి, అటనుండి సాక్షికి ఛానెళ్లు మారెను; సత్తి మారలేదు. 2019లో 'తుపాకి రాముడు' చిత్రమున నాయకుడైనను జనులకది సత్తి సినిమాయే. తుపాకి రాముడన్నను పల్లెలలో కట్టె తుపాకి భుజమున వేసి కోతలు కోయు జానపద వేషము గదా! వేషము మీద వేషము. రవికుమార్‌ను అడుగున వెదకికొనవలెను.

విశేషము: ఇట్టి రెండు పేర్ల వ్యవహారము ఈ ఇబ్రహీంపట్నమునకు కొత్తగాదు. గోలకొండనేలిన ఇబ్రహీం కుతుబ్ షా తెలుగు కవుల నోట మల్కిభరాముడయ్యెను. అద్దంకి గంగాధర కవి తపతీసంవరణోపాఖ్యానమును అంకితమిచ్చినది ఆ భరామునకే. ఊరు మాత్రము ఇబ్రహీము పేరనే నిలిచినది. సత్తి విషయమున ఇది తలక్రిందులు: అసలు పేరు మరుగై, పెట్టుడు పేరే నిలిచినది.

తాత్పర్యము: తెరపై నున్నవాడు రవికుమార్, ఆయనకు సత్తి పోలికలు కలవు. అలంకారము ఉపమ. అనన్వయమను పాఠము త్రోసివేయదగినది. పెద్దాయన మాటయే ఒప్పు.