వ్యక్తిగత అభిప్రాయాల ప్రత్యేక సలహాదారు

2017 జూన్‌లో వాషింగ్టన్‌లోని విల్సన్ సెంటర్‌లో మూన్ చుంగ్ ఇన్ ఒక మాటన్నారు. ఉత్తర కొరియా అణు, క్షిపణి పరీక్షలు ఆపేస్తే సంయుక్త సైనిక విన్యాసాలు తగ్గించే విషయం అమెరికాతో మాట్లాడొచ్చని. సియోల్‌లో కొంపలంటుకున్నాయి. ఎందుకంటే ఆయన అప్పటి దక్షిణ కొరియా అధ్యక్షుడు మూన్ జే ఇన్‌కు ప్రత్యేక సలహాదారు (ఇంటిపేరు కలిసింది గానీ చుట్టరికం లేదు). అధ్యక్ష భవనమైన బ్లూ హౌస్ వెంటనే చేతులు దులుపుకుంది: అది ఆయన వ్యక్తిగత అభిప్రాయం. ఆయన కూడా అవునన్నారు: మాట్లాడింది సలహాదారు కాదు, ప్రొఫెసర్.

ఎంత హాయైన ఏర్పాటు! సభకు పిలిచేది సలహాదారు అని. పత్రికలు పతాక శీర్షిక పెట్టేది సలహాదారు అన్నాడని. తిట్లు తినే వేళకు మాత్రం పాపం యోన్సే విశ్వవిద్యాలయం వారి రాజనీతిశాస్త్ర ఆచార్యుడు ముందుకు రావాలి.

కొరియాలో ఈ జాతికి 'పోలిఫెసర్లు' అని పేరు. బస్సు సీట్లో తుండుగుడ్డ వేసినట్టు విశ్వవిద్యాలయంలో కుర్చీ ఆపుకుని సర్కారు కొలువుకు వెళ్లొస్తారని జనం గొణుగుడు. అధ్యక్షుడు కిమ్ యంగ్ సామ్ 1993లో ఒక ఆచార్యుణ్ణి విదేశాంగ మంత్రిని చేశారు. పదేళ్లకు అధ్యక్షుడు రో మూ హ్యున్ మరో ఆచార్యుణ్ణి చేశారు. పార్టీలు మారినా పాఠశాల మారలేదు.

మన మూన్ గారు ఇందులో ఆరితేరినవారు. జెజు దీవిలో పుట్టి, యోన్సేలో తత్వశాస్త్రం చదివి, మేరీలాండ్‌లో డాక్టరేటు తెచ్చుకుని, 1994 నుంచి యోన్సేలో పాఠాలు చెప్పారు. 2000, 2007, 2018: దక్షిణ కొరియా అధ్యక్షులు ప్యాంగ్యాంగ్ వెళ్లిన మూడుసార్లూ వెంట వెళ్లారు. వెళ్లే అధ్యక్షుడు మారాడు, ఎదురొచ్చే ఉత్తర కొరియా కిమ్ కూడా మారాడు, పరివారంలో ఈ పేరు మారలేదు. నడుమ 2005లో హేంగ్దమ్ దీవి ప్రాజెక్టు వ్యవహారంపై దుమారం రేగి, ఈశాన్య ఆసియా వ్యవహారాల అధ్యక్ష సంఘం సారథ్యం వదులుకున్నారు. మరుసటి ఏడాదికల్లా అంతర్జాతీయ భద్రతా రాయబారి. రాముడికి పద్నాలుగేళ్లు పట్టిందంటే ఆయనకు డాక్టరేటు లేకపోబట్టే.

2017 సెప్టెంబర్‌లో రక్షణ మంత్రి సాంగ్ యంగ్ మూకు ఒళ్లు మండింది. ఈయన సలహాదారులా లేడు, పాఠం చెప్పే పంతులులా ఉన్నాడన్న ధోరణిలో పార్లమెంటులో దులిపేశారు. ఆలోచిస్తే, మంత్రిగారు అన్నది బ్లూ హౌస్ జూన్‌లో అన్నదే: ఈయన మాట సర్కారు మాట కాదని. కానీ బ్లూ హౌస్ ఎవరిని మందలించింది? మంత్రిని! ప్రొఫెసర్ అభిప్రాయం వ్యక్తిగతమేనట, దాన్ని కాదనే హక్కు మాత్రం బ్లూ హౌస్ దగ్గరే ఉంటుందట.

మరుసటి వసంతంలో ఆయన 'ఫారిన్ అఫైర్స్' పత్రికలో, శాంతి ఒప్పందం కుదిరాక అమెరికా సేనలు కొరియాలో కొనసాగడాన్ని సమర్థించడం కష్టమని రాశారు. పాన్‌ముంజోమ్‌లో రెండు కొరియాల నేతలు చేతులు కలిపి వారమైనా కాలేదు. సేనల సంగతి కూటమి సంగతి, శాంతి ఒప్పందంతో ముడిపెట్టొద్దని అధ్యక్షుడే చెప్పాల్సి వచ్చింది. అధ్యక్షుడి ప్రధాన కార్యదర్శి ప్రొఫెసర్‌కు ఫోన్ చేసి, గందరగోళం పెట్టకండి మహాప్రభో అన్నంత పని చేశారు. పదవి మాత్రం ఊడలేదు. ఊడితే రేపు గాలి ఎటు వీస్తోందో చూడటానికి ఎవరిని ఎగరేయాలి?

నాకు ఆయన మాటలతో పేచీ లేదు. విన్యాసాలు తగ్గించాలన్నది ఆలోచించదగిన మాటే. ఆలోచన నిజంగా ప్రభుత్వానిదైతే ప్రభుత్వమే చెప్పి దెబ్బలు కాచుకోవాలి. కాకపోతే చెప్పినవాణ్ణి ఇంటికి పంపాలి. ఈ రెండూ చేయని పిరికితనానికి పండితుడి పట్టా గొడుగు పట్టింది, పండితుడూ సంతోషంగా పట్టనిచ్చాడు.

2018 జూన్ 12న సింగపూర్‌లో కిమ్ జోంగ్ ఉన్‌ను కలిసి బయటికొచ్చిన ట్రంప్, విన్యాసాలు ఆపేస్తున్నామని ప్రకటించారు. తగ్గించడం కాదు, ఆపేయడం. బ్లూ హౌస్ ఈసారి, ఆ మాటల కచ్చితమైన అర్థం తెలుసుకోవాల్సి ఉందంది. వ్యక్తిగత అభిప్రాయమని కొట్టిపారేసే సాహసం ఎవరూ చేయలేదు. ఆగస్టు విన్యాసాలు రద్దయ్యాయి. సెప్టెంబర్‌లో రక్షణ మంత్రి వేరే గొడవల మధ్య దిగిపోయారు. ప్రత్యేక సలహాదారు 2021 దాకా ఉండి, సెజాంగ్ ఇన్‌స్టిట్యూట్ అధిపతిగా వెళ్లారు.