మూడో కారుకి అడ్డొచ్చిన జనాభా

జూలై 11 ప్రపంచ జనాభా దినోత్సవం. ఆ సందర్భంగా హైదరాబాద్‌లో మా బంధువుల అపార్ట్‌మెంట్‌లో పిల్లలకి వ్యాసరచన పోటీ పెట్టి, మార్కులు వెయ్యడానికి నన్ను పిలిచారు. అపార్ట్‌మెంట్ పేరు చివర ‘లేక్ వ్యూ’ అని ఉంటుంది. బాల్కనీలోంచి ఎంత వంగి చూసినా ఎదుటివాళ్లు ఆరేసిన బట్టలే తప్ప లేక్ కనబడదు. ఆ పక్కన పాత కిరాణా కొట్టాయన్ని అడిగితే చెప్పాడు, మీరు నిలబడింది చెరువులోనే అని. చెరువు మాత్రం మర్యాద మరిచిపోలేదు. గట్టి వాన పడ్డప్పుడల్లా సెల్లార్ దాకా వచ్చి, తన పాత ఇల్లు ఎలా ఉందో చూసుకుని పోతుంది.

అసోసియేషన్ ప్రెసిడెంటుగారు మైకందుకున్నారు. ‘‘జనం పెరిగిపోయారండీ! నేల చాలట్లేదు, నీళ్లు చాలట్లేదు. వీళ్లిలా కంటూ పోతే రేపు మన పిల్లలకి ఏం మిగుల్తుంది?’’ అన్నారు. ‘వీళ్లు’ అన్నప్పుడు ఆయన చెయ్యి దానంతటదే గేటువైపు తిరిగింది. గేటు దగ్గర వాచ్‌మన్ ఉన్నాడు. అతనికి ముగ్గురు పిల్లలు. ముగ్గురూ వెనక వరసలో నిలబడి, సమోసాల పళ్లెం ఎటు పోతే అటు తలలు తిప్పుతున్నారు. అందరూ చప్పట్లు కొట్టారు. వాచ్‌మన్ కూడా కొట్టాడు. కొట్టకపోతే బాగుండదు కదా.

ఈ జనాభా వాదనలో ఉన్న సుఖం ఇంకే వాదనలోనూ లేదు. చెరువేదీ? జనాభా తాగేసింది. గుట్టేదీ? జనాభా మింగేసింది. సర్వే నంబర్లకి బై నంబర్లు పుట్టించినవాడూ, రాత్రికి రాత్రి మట్టి తోలించినవాడూ, పర్మిషన్ మీద సంతకం గీకినవాడూ ఎక్కడా కనబడరు. వాళ్లు జనాభాలోకి రారేమో మరి. రారని చెప్పడానికి లెక్కా లేదు. 2011లో తలలు లెక్కపెట్టాక, 2021లో జరగాల్సిన లెక్క ఆ ఏడాది జరగనే లేదు. లెక్కపెట్టకుండా నేరం మోపడానికి ఇంతకన్నా అనువైన ముద్దాయి ఎవరు దొరుకుతారు?

ఇదే హైదరాబాద్‌లో మాసబ్ ట్యాంక్ అని బస్‌స్టాపుంది. ట్యాంక్ లేదు, ఆ చోట పార్కుంది. ఇక శిఖం భూమి అని ఒకటుంటుంది. ఎండాకాలం చెరువు వెనక్కి తగ్గితే, తేలిన నేలలో రైతు ఒక పంట వేసుకునేవాడు. వానలు పడగానే నేలని మళ్లీ నీళ్లకి అప్పగించేవాడు. మనిషికీ చెరువుకీ మధ్య కౌలు ఒప్పందం లాంటిది. ఆ ఒప్పందాన్ని రియల్ ఎస్టేట్ ఒక్క మాటతో సరిదిద్దింది: ఎండితే ప్లాటు, ఎండకపోయినా ప్లాటు. చెరువు నిండితే నీళ్లు ఎంతవరకొస్తాయో చెప్పే ఎఫ్‌టీఎల్ అనే గీతకూడా ఉంది. రబ్బరుతో చేశారనుకుంటాను, పలుకుబడిని బట్టి సాగుతుంది. 2020 అక్టోబర్‌లో పల్లె చెరువు, గుర్రం చెరువుల కట్టలు తెగినప్పుడు నీళ్లు మాత్రం ఈ కొత్త గీతలు చూసుకోలేదు. పాత దారినే నడిచి కాలనీల్లోకి వెళ్లిపోయాయి.

గండిపేట సంగతి చూడండి. 1908లో మూసీ ఊరిని ముంచెత్తాక, మళ్లీ అంత పని జరక్కూడదని 1920కి మనం గండిపేట అనే ఉస్మాన్‌సాగర్, 1927కి హిమాయత్‌సాగర్ కట్టారు. వరదా ఆగింది, తాగడానికి నీళ్లూ దొరికాయి. ఆ రెంటినీ కాపాడాలని 1996లో 111 జీవో తెచ్చి, 84 ఊళ్లలో కట్టడాలకి హద్దులు పెట్టారు. 2022లో ఇంకో జీవో వచ్చి, ఆ హద్దులు ఇక అక్కర్లేదంది. ఎందుకూ అంటే, నీళ్లిప్పుడు కృష్ణా నుంచీ గోదావరి నుంచీ వస్తున్నాయిట. ఇంటి ముందు బావి పూడ్చి, వంద కిలోమీటర్లకి పైగా గొట్టాలేసుకుని పక్కింటాయన బావిలోంచి తోడుకోవడమన్నమాట. మరుసటేడు, గండిపేటకి కూతవేటు దూరంలో, కోకాపేట వేలంలో ఎకరం వంద కోట్లు దాటింది. ఆ ఎకరం పాడుకున్నది ఎక్కువమంది పిల్లలున్న కూలీ కుటుంబమేమీ కాదు.

జనం పెరిగితే నేలమీద బరువు పడదని నేననను. పడుతుంది. కానీ మనవాళ్లు కనడం ఎప్పుడో తగ్గించేశారు. 2019–21 కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఒక్కో స్త్రీకి సగటున ఆంధ్రప్రదేశ్‌లో 1.7 మంది, తెలంగాణలో 1.8 మంది పిల్లలు. ఉన్న జనాభా ఉన్నట్టు నిలబడాలంటేనే 2.1 కావాలి. ఎర్ర త్రికోణం కింద ‘ఇద్దరు ముద్దు, ఆపై వద్దు’ అని గోడలమీద రాసిందంతా జనం బుద్ధిగా చదువుకున్నారు. అంత బుద్ధి సర్కారుకి నచ్చలేదు. ఇద్దరికి మించి కన్నవాళ్లు స్థానిక ఎన్నికల్లో నిలబడకూడదని 1994లో పెట్టిన నియమాన్ని 2024లో ఆంధ్ర అసెంబ్లీ ఎత్తేసింది. 2025లో ఒక ఎంపీగారు, మూడో కాన్పులో ఆడపిల్ల పుడితే యాభై వేలు, మగపిల్లాడు పుడితే ఆవు ఇస్తానన్నారు. ఆ ఆవు మేయడానికి ఊళ్లో బంచరాయి ఎక్కడ మిగిలిందో ఆయన చెప్పలేదు. దూడ కూడా పుడితే ఏం చెయ్యాలో అసలే చెప్పలేదు.

మళ్లీ ప్రెసిడెంటుగారి దగ్గరికొస్తాను. ఆయనకి ఒక్కడే కొడుకు, డాలస్‌లో ఉంటాడు. ఇక్కడ ఉండేది దంపతులిద్దరే. కార్లు మూడు. ఒకటి ఆయనది, ఒకటి ఆవిడది, ఇంకోటి అబ్బాయి వచ్చినప్పుడు తిరగడానికి. కారు నిలపడానికి మామూలుగా రెండున్నర మీటర్ల వెడల్పు, అయిదు మీటర్ల పొడవు చోటు కావాలి. మూడు కార్లకీ కలిపితే నాలుగువందల చదరపు అడుగులు దాటుతుంది. తెలంగాణలో ఇందిరమ్మ ఇల్లు కట్టుకోవాలంటే ఉండాల్సిన కనీస విస్తీర్ణం కూడా సరిగ్గా నాలుగువందలే. వాచ్‌మన్ గదిని నేను కొలవలేదు. మెట్ల కింద ఉంటుంది, లోపలికి వెళ్లాలంటే తల వంచాలి. మంచం పట్టదు కాబట్టి దాన్ని సెల్లార్‌లో వేసుకుంటారు.

కార్లకి మాత్రం కుటుంబ నియంత్రణ లేదు. ఆపరేషన్ చేయించుకునేందుకు శిబిరాల్లేవు, రెండో కారుతో ఆపినవాళ్లకి ప్రోత్సాహకాల్లేవు. మూడో కారున్నవాడు ఎన్నికల్లో నిలబడకూడదన్న చట్టం తెస్తే అసెంబ్లీలో కోరం ఉంటుందా అని నాకో అనుమానం.

బహుమతులిస్తుండగా ట్యాంకరొచ్చింది. బోరు వెయ్యి అడుగులు దాటినా పొగే వస్తోందిట, అందుకని దినం విడిచి దినం ట్యాంకరే. అది లోపలికి తిరగాలంటే దారిలో ఆపిన ప్రెసిడెంటుగారి మూడో కారు కదలాలి. డ్రైవర్ హారన్ ఆపకుండా కొడుతున్నాడు. ప్రెసిడెంటుగారు మైకు నాకిచ్చి దిగి, కారు తీసి, సెల్లార్‌లోకి పోనిచ్చి, ఖాళీ కోసం అటూ ఇటూ చూశారు. ‘‘ఆ మంచం ఎవరిది? తియ్యండయ్యా’’ అన్నారు. వాచ్‌మన్ పిల్లలు ముగ్గురూ సమోసాలు నోట్లో కుక్కుకుని పరుగెత్తారు. పెద్దది తలవైపు, చిన్నవాళ్లిద్దరూ కాళ్లవైపు పట్టుకుని, మంచం ఎత్తి గోడవారకి జరిపారు.

కారు సరిగ్గా పట్టింది.