దొప్పలో స్ట్రాబెరీ: ఒక ద్విపదకు టీకా తాత్పర్యం

కావ్యం ముందు పుట్టి, వ్యాఖ్యానం దాని వెంట నడవడం లోకరీతి. ఇక్కడ వ్యాఖ్యానమే ముందు పుట్టి, తనకొక ఆధారం కావాలని మూలాన్ని కల్పించుకొన్నది కనుక, దిగువ పద్యం ఏ తాళపత్రంలోనైనా దొరుకుతుందేమోనని పరిశోధకులు శ్రమపడనక్కరలేదు. ఛందస్సుగా ద్విపదనే ఎన్నుకోవడానికి కారణం స్థలమాహాత్మ్యం: ద్విపదకు పురాణగౌరవం తెచ్చిన సోమనాథుని పాలకుర్తి, పోతన పేరుతో వెలిగే బమ్మెర జనగామ జిల్లాలో ఒకే మండలంలో ఉండగా, ఆ జిల్లా వంటింట్లో చాక్లెట్‌లో ముంచిన స్ట్రాబెరీకి వట్టి వచనంలో లక్షణం చెప్పడం మర్యాద అనిపించుకోదు. వ్యాఖ్యాతలకు పెద్దదిక్కైన మల్లినాథసూరి మెదకు సీమలోని కొలచారం వాడు. ఆధారం లేనిది రాయననీ, అక్కరలేనిది చెప్పననీ ఆయన రెండు నియమాలు పెట్టుకొన్నాడు. మూలం కూడా వ్యాఖ్యాత చేతిదే కావడం వల్ల మొదటి నియమానికి ఇక్కడ ఏ ఢోకా లేదు. రెండవదాని గతి ఏమైందో పాఠకులే చూడగలరు.

మూలం

తడిలేని ఫలమును దరిఁ దీసి తుడిచి
వడగట్టి యిప్పపూ వాసనఁ గలిపి
కడు నల్లపాకానఁ గాడంగ ముంచి
తొడిమను విడువక దొప్పపై నుంచి

ప్రతిపదార్థం

తడిలేని = చెమ్మ బొత్తిగా లేనట్టి; ఫలమును = స్ట్రాబెరీ పండును; దరిఁ దీసి = దగ్గరకు తీసుకొని; తుడిచి = ఉతికి ఆరవేసిన నూలుగుడ్డతో ఒత్తి; వడగట్టి = పలుచని బట్టలో వడపోసి; ఇప్పపూవాసనన్ = ఇప్పపువ్వు పరిమళమును; కలిపి = చేర్చి; కడు నల్లపాకానన్ = మిక్కిలి నల్లనైన, కరిగిన చాక్లెట్‌లో; గాడంగ = లోతుగా దిగునట్లు; ముంచి = మునుగజేసి; తొడిమను = పండు నెత్తిన ఉన్న పచ్చని కాడను; విడువక = వేళ్ల సందున పట్టు వదలక; దొప్పపైన్ = మోదుగాకు దొప్ప మీద; ఉంచి = పెట్టి. ఇక్కడ సమాపక క్రియ కనబడదు. దాని విచారణ చివర జరుగుతుంది.

తాత్పర్యం

స్ట్రాబెరీని తడి లేకుండా తుడిచి, ఇప్పపువ్వు వాసన పట్టించిన చాక్లెట్‌లో ముంచి, ఆకు మీద ఆరబెట్టాలి. ఇంతకుమించి పద్యంలో ఏమీ లేదు. ఉన్నదంతా విశేషాల్లోనే ఉంది.

విశేషాలు

మొదట ‘ఫలము’ అన్న మాట నిలబడదు. వృక్షశాస్త్రం ప్రకారం స్ట్రాబెరీలో తినే ఎర్రని కండ ఫలం కాదు, పువ్వు అడుగున ఉండే పీఠం ఉబ్బి కండపట్టిన భాగం. పైన గసగసాల్లా అంటుకొని ఉన్న గింజలే, ఒక్కొక్క కాయ మీద ఇంచుమించు 200 దాకా, అసలైన ఫలాలు. అంటే తినేవాడు ఒక్క పండని నోట వేసుకొన్నది నిజానికి ఒక పీఠమూ, దాని మీద కొలువున్న రెండు వందల పండ్లూ. నేడు అంగళ్లలో దొరికే జాతి 18వ శతాబ్దంలో ఫ్రాన్సులో, ఉత్తర అమెరికా మొక్కకూ చిలీ మొక్కకూ కలిగిన సంకరం. ఆ చిలీ మొక్కను 1714లో ఓడ మీద నీళ్లు పోసి బతికించి తెచ్చినవాడు ఫ్రేజియే అనే సైనిక ఇంజినీరు. మన వైపుకు వచ్చేది మాత్రం మహారాష్ట్రలోని మహాబలేశ్వరం పండు. దానికి 2010లో భౌగోళిక గుర్తింపు లభించింది. ప్లాస్టిక్ పెట్టెలో హైదరాబాదు చేరి, అక్కడి నుంచి జనగామ మీదుగా మహబూబాబాదుకో భూపాలపల్లికో వచ్చేసరికి అడుగువరుస పండ్లు నలిగి, చెమ్మగిల్లి ఉంటాయి. ‘దరిఁ దీసి’ అన్న పదానికి ప్రయోజనం ఇక్కడ తెలుస్తుంది: పైవరుసను చూసి మురవక, ఒక్కొక్క పండునూ కంటి దగ్గరకు తెచ్చుకొని అడుగు చూడవలసిందే.

ఇక ఆక్షేపం. ‘తడిలేని’ అన్న తరువాత ‘తుడిచి’ అనడం పునరుక్తిదోషం కాదా? కాదు. కంటికి తడి లేదనిపించిన పండు కూడా గింజల చుట్టూ ఉన్న సన్నని గుంటల్లో, తొడిమ రేకుల కింద నీటిని దాచుకొంటుంది. కడిగి గంటసేపు ఆరబెట్టిన పండును పొడిగుడ్డతో ఒత్తి చూస్తే గుడ్డ మీద చిన్న చిన్న చుక్కలు తేలడమే ఇందుకు ప్రత్యక్షప్రమాణం. చాక్లెట్ అంటే కోకో వెన్నలో తేలుతున్న చక్కెర, కోకో పొడుల మెత్తని నలుసులు. అందులో నీటిబొట్టు పడగానే చక్కెర నలుసులు ఆ తడిని పట్టుకొని, ఒకదానికొకటి అంటుకొని, నిగనిగలాడుతున్న పాకం కాస్తా క్షణంలో తడిసిన సిమెంటు ముద్దలా బిర్రబిగుస్తుంది. విచిత్రమేమంటే, కొద్ది నీరు చెరిపిన దానిని ఎక్కువ నీరు బాగుచేస్తుంది: 100 గ్రాముల చాక్లెట్‌కు సుమారు రెండు పెద్ద చెంచాలకు తగ్గకుండా వేడి పాలో మీగడో పోసి కలిపితే ముద్ద మళ్లీ జారుతుంది. అయితే అది పూరణానికే పనికివస్తుంది, పండుకు పటపటలాడే తొడుగు కాదు. కొద్దిపాటి తప్పు కన్నా పూర్తి తప్పు మేలన్న ఈ న్యాయం వంటింటికి మాత్రమే వర్తిస్తుందని గ్రహించాలి.

ఈ ద్విపదకు ప్రాణం రెండవ పాదం. పాశ్చాత్యుల పద్ధతిలో ఈ వంటకానికి లికర్ వాసన పట్టిస్తారు. లికర్ అంటే చక్కెర, పండ్లో గింజలో తొక్కలో కలిపి తీపిచేసిన మద్యం. ఆరెంజి తొక్కతో చేసే క్వాంత్రోలో మద్యసారం 40 శాతం. తెలుగులో ‘లికర్’కూ ‘లిక్కర్’కూ ఒక్క ద్విత్వమే తేడా అయినా, ఆ ద్విత్వం విప్పి చెప్పగల దుకాణం ఈ మూడు జిల్లాల్లో దొరకడం కష్టం, ‘వైన్స్’ అని బోర్డు పెట్టి వైను తప్ప తక్కినవన్నీ అమ్మే ఆచారం ఇక్కడిది. పైగా మత్తుపదార్థాన్ని మిఠాయిలో దాచడం చట్టానికి గిట్టదు: 2024 సెప్టెంబరులో హైదరాబాదు జూబ్లీహిల్స్‌లో ఐస్‌క్రీంలో విస్కీ కలిపి అమ్ముతున్నారని ఎక్సైజువారు ఒక పార్లరు మీద పడినప్పుడు, కిలోకు 60 మిల్లీలీటర్ల లెక్క పత్రికలకెక్కింది.

కనుక లికరు స్థానంలో ఏది నిలవాలి? జనగామ సంప్రదాయవాదులు తాటికల్లు అంటారు. గీతవృత్తివారి ఇంట పుట్టి ఖిలాషాపూర్‌లో కోట కట్టిన సర్వాయి పాపన్న గడ్డ మీద ఆ వాదానికి బలం లేకపోలేదు గాని, కల్లులో అధికభాగం నీరే కావడం వల్ల మొదటి పాదంతోనే అది కొట్టుకుపోతుంది. గుడుంబా అన్న పాఠం చర్చకు కూడా తగదు. సిద్ధాంతం ఇప్పపువ్వుదే. మహబూబాబాదు జిల్లా కొత్తగూడ, గంగారం, గూడూరు అడవుల్లోనూ, భూపాలపల్లి జిల్లా మహాముత్తారం, పలిమెల వైపునా ఫాల్గుణం దాటగానే ఇప్పచెట్లు ఆకులు రాల్చుకొని పూతకు వస్తాయి. పువ్వు రాత్రి విచ్చి, తెల్లవారుజామున రాలుతుంది. కోయ స్త్రీలు చెట్టు కింద ముందుగానే ఊడ్చి పెట్టిన నేల మీద నుంచి, ఎండ ఎక్కకముందే, ఎలుగుబంటి రాకముందే, బుట్టల్లోకి ఏరుకొంటారు. పువ్వు అంటే రేకులు విప్పిన పువ్వు కాదు. చిన్న రేగుపండంత, పాలిపోయిన మీగడరంగు గుండు, వేళ్లకు జిగటగా అంటుకొనేంత తియ్యన. ఎండితే కిస్‌మిస్‌లా ముడుచుకొని గోధుమరంగుకు తిరుగుతుంది. వాసన మాత్రం కిస్‌మిస్‌ది కాదు: కొంత పండు, కొంత పులుపు, కొంత అడవి కలిసి, దగ్గరగా చూస్తే ఇంకా కాయని సారా గుర్తుకు వస్తుంది.

మూలంలో ‘వాసన’ అన్నారేగాని ‘సారా’ అనలేదన్నది ఇక్కడ గమనించదగినది. కవికి సారా తెలియక కాదు. ఆ పాదంలో ‘సారా’ పెట్టి గణాలు సరిపెట్టడం కష్టమూ కాదు. మత్తు లేకుండా మత్తు జ్ఞాపకాన్ని మాత్రమే ఇవ్వడం కవి ఉద్దేశం. ఆ వాసనను నీటిలో దించితే పైన చెప్పిన ప్రళయం తప్పదు కనుక, నేతిలో దించాలి. ఎండిన పూల కేసరాలు, ఇసుక దులిపి, సన్నని సెగ మీద నేతిలో వేయించి, వేడి మీదనే గుడ్డలో పిండితే నెయ్యి వాసన పట్టి కిందికి దిగుతుంది. ‘వడగట్టి’ అన్న క్రియకు ఇదే అర్థం. 100 గ్రాముల చాక్లెట్‌కు ఒక చిన్న చెంచా చాలు; మించితే నెయ్యి చాక్లెట్‌ను మెత్తబరచి, పండు కొరికినప్పుడు రావలసిన చిటుక్కుమన్న చప్పుడును మింగేస్తుంది. గుడ్డలో మిగిలిన పిప్పిని బెల్లం, నువ్వులతో దంచి లడ్డూ కట్టుకోవచ్చు; ఈ వ్యాఖ్యాత దృష్టిలో స్ట్రాబెరీ కన్నా ఆ లడ్డూయే మేలు, కాని దానికి మూలం వేరే రాయాలి.

‘కడు నల్లపాకాన’ అన్నచోట పాఠభేదం లేకపోయినా అర్థభేదం ఉంది. నల్లపాకం అంటే నల్లబెల్లం పాకమని ఒక పక్షం. మహబూబాబాదు దారుల్లో పటికతో పాటు పట్టుబడుతూ వార్తలకెక్కే సరుకు నల్లబెల్లం. మేడారం జాతరలో ‘బంగారం’ పేరుతో అమ్మవార్లకు సమర్పించే బెల్లం కొనడానికి కూడా ఆధార్ అడిగిన రోజులున్నాయి. చేసిన వంటకు గుర్తింపు పత్రం జతచేయవలసి వచ్చే అర్థాన్ని వ్యాఖ్యాత స్వీకరించడు. భూపాలపల్లి వారికి ‘కడు నల్ల’ అనగానే సింగరేణి బొగ్గు మెదలడం సహజం గాని, ఇక్కడ ఉద్దిష్టమైనది కోకో ఎక్కువగా ఉన్న నల్ల చాక్లెట్. ఆ కోకో పరదేశి అనుకోనక్కరలేదు. పశ్చిమగోదావరి, ఏలూరు వైపు కొబ్బరితోటల నీడలో అంతరపంటగా పండుతున్నదే.

చాక్లెట్‌ను కరిగించడం ఎవరికైనా వచ్చు, గడ్డకట్టించడమే విద్య. కోకో వెన్న ఆరు రకాల స్ఫటికాలుగా పేరుకోగలదు. వాటిలో అయిదవది ఒక్కటే మెరుపునూ, పెళుసుదనాన్నీ ఇస్తుంది. దానికోసం చాక్లెట్‌ను 45 డిగ్రీల దాకా వేడిచేసి, 27 దాకా చల్లార్చి, తిరిగి 31 దగ్గర నిలపాలి. ఉష్ణమాపకం లేని ఇంట్లో కింది పెదవే ఉష్ణమాపకం: తాకించిన బొట్టు చల్లగానూ వెచ్చగానూ కాక, ఉందా లేదా అన్నట్టుంటే సరిపోయినట్టు. చాక్లెట్ గిన్నె కింద మరో గిన్నెలో కాగే నీటి ఆవిరి పైకి వచ్చి పాకంలో పడకుండా మీది గిన్నె కింది గిన్నెను పూర్తిగా కప్పాలి. బేకరీ సరుకుల అంగడిలో దొరికే కాంపౌండ్ స్లాబుకు ఈ తతంగం అక్కరలేదు; దానిలో కోకో వెన్నకు బదులు వేరే నూనెకొవ్వు ఉంటుంది. రుచి కూడా ఆ మేరకే ఉంటుంది.

కాలవిచారం కొద్దిగా చేయాలి. మహాబలేశ్వరం పండు శీతకాలంలో వచ్చి మార్చి దాటగానే తగ్గిపోతుంది. ఇప్పపువ్వు మార్చిలో మొదలవుతుంది. ఒకటి వస్తుంటే ఒకటి పోతుంది కనుక, నిరుడు ఎండబెట్టిన పువ్వుతో ఈ ఏటి పండును కలపడమే మార్గం. మే నెలలో, గది వేడి కోకో వెన్న కరిగే 34 డిగ్రీలను దాటినప్పుడు, ఈ ద్విపదను పారాయణ చేయవచ్చుగాని ప్రయోగించరాదు.

దొప్ప గురించి. మోదుగాకు నున్నని వైపు లోపలికి వచ్చేలా కుట్టిన ఎండుదొప్పలో పండు ఉంచితే, చాక్లెట్ గడ్డకట్టి ఊడి వచ్చినప్పుడు దాని అడుగున ఆకు ఈనెల అచ్చు పడుతుంది. స్టీలు పళ్లెం ఈ అలంకారం చేయలేదు.

చివరగా, లేని సమాపక క్రియ. ‘దాచవలెను’ అని ఒకరు పూరిస్తారు. ఫ్రిజ్‌లోంచి తీసిన చాక్లెట్‌కు గాలి తగిలీ తగలగానే చెమట పడుతుంది, లోపలి పండు మరునాటికే రసం వదులుతుంది కనుక, మొదటి పాదం వెళ్లగొట్టిన తడి నాలుగో పాదం తరువాత తిరిగి వస్తుంది. ఆ పూరణ చెల్లదు. ‘పెట్టవలెను’ అంటే ఎవరికి అన్న ఆకాంక్ష మిగులుతుంది, పద్యంలో సంప్రదానకారకం ఎక్కడా లేదు. ‘తినవలెను’ అన్న పక్షానికి మూలంలోనే సాక్ష్యం ఉంది: తొడిమ విడువవద్దన్నది పట్టుకోవడానికి మాత్రమే కాదు, లెక్కకు కూడా. సాయంత్రం పది పండ్లు పెట్టిన దొప్పలో, పొద్దున్నే పది తొడిమలు పచ్చగా, చాక్లెట్ మరక అంటి కనబడిన ఇంట్లో ఏ క్రియ జరిగిందో వైయాకరణులను అడగనక్కరలేదు. కర్త ఎవరన్నదే తేలవలసి ఉంటుంది.