ముప్పైకి ఒకటి, రెండుకు ఒకటి

సుంకం అంటే ఏమిటో ఓరుగల్లు వాళ్లకు అమెరికా నేర్పక్కర్లేదు. అమెరికా అనేదొకటి ఉందని కొలంబస్‌కు తెలియడానికి దాదాపు రెండున్నర శతాబ్దాల ముందే, 1244లో, మా గణపతిదేవ చక్రవర్తి మోటుపల్లి రేవులో శాసనం వేయించాడు. ఏ దేశపు ఓడ వ్యాపారి అయినా భయం లేకుండా రావచ్చు. ఎగుమతైనా దిగుమతైనా ముప్పైకి ఒకటి సుంకం కడితే చాలు. అంతకుముందు రాజులు గాలివానకు ఓడ బద్దలై సరుకు ఒడ్డుకు కొట్టుకొస్తే మొత్తం ఊడ్చుకుపోయేవారు. గణపతిదేవుడు ఆ అలవాటు మాన్పించాడు. ప్రాణం కన్నా డబ్బే ఎక్కువనుకుని సముద్రంలోకి దిగినవాళ్ల మీద జాలితో, కీర్తి కోసం, ధర్మం కోసం ఇలా చేస్తున్నానని రాతి మీద చెక్కించాడు కూడా.

రాతి మీద రాయించాడు కాబట్టి 780 ఏళ్లయినా అక్షరం మారలేదు. ట్రంప్ గారు రాతలన్నీ ట్రూత్ సోషల్ మీద రాస్తారు. 2025 ఏప్రిల్ 2న భారత్ మీద 26 శాతం అన్నారు. 9న తూచ్, 90 రోజులు ఆగుదాం, అందాకా 10 అన్నారు. ఆగస్టు 7 నుంచి 25. రష్యా చమురు కొంటున్నారన్న కోపంతో ఆగస్టు 27 నుంచి మరో 25. మనం అమెరికాకు పంపే రొయ్య పెట్రోలు తాగదు, డీజిలు తాగదు. అయినా శిక్ష దానికీ పడింది. మరీ చౌకగా గుమ్మరిస్తున్నామని 2005 నుంచీ మోస్తున్న యాంటీ డంపింగ్ సుంకం, సబ్సిడీలకు విరుగుడని 2024లో తగిలించిన కౌంటర్‌వెయిలింగ్ సుంకం కలుపుకుంటే మొత్తం 58 శాతం దాటింది. ముప్పైకి ఒకటి కాస్తా రెండుకు ఒకటయింది, పైన కొసరు.

వరంగల్‌లో కూర్చుని నీకెందుకయ్యా రొయ్యల గొడవ అంటారేమో. నిజమే, మాకు సముద్రం లేదు. కాకతీయులు కట్టించిన పాకాల, రామప్ప, లక్నవరం చెరువులున్నాయి. వాటిలో కొర్రమట్టలుంటాయి, అవి ఏ దేశాధ్యక్షుడి మాటా పట్టించుకోవు. మాకు తెలిసిన రొయ్య అంగట్లో కుప్పపోసి అమ్మే ఎండు రొయ్య. చింతచిగురులో పడిందంటే ఇంకో కూర అక్కర్లేదు. దానికి యాంటీ డంపింగ్ ఎవడూ వేయలేదు, పక్కింటివాళ్లు వాసనకు కిటికీలు మూసుకోవడం తప్ప.

కానీ మా వియ్యంకుడిది భీమవరం పక్కన. వనామి రొయ్యల చెరువులు చేస్తాడు. కాబట్టి వాషింగ్టన్‌లో తుమ్మితే మా ఇంట్లో ఫోను మోగుతుంది.

ఆయన పుణ్యాన నాకు కౌంట్ లెక్క వచ్చింది. వంద కౌంట్ అంటే కిలోకు వంద రొయ్యలు, చిన్నవి. ముప్పై కౌంట్ అంటే కిలోకు ముప్పై, బలిసినవి. అంకె తగ్గేకొద్దీ ధర పెరుగుతుంది. ఏప్రిల్‌లో ట్రంప్ నోరు తెరిచిన వారంలోనే అన్ని కౌంట్లకూ చెరువు గట్టు మీద రేటు పడిపోయింది. అప్పటికి సుంకం వసూలు మొదలే కాలేదు. సరుకు ఇంకా నీళ్లలోనే మీసాలు ఆడిస్తోంది. పట్టుబడి జరగాలి, తల తీయాలి, ఒలవాలి, గడ్డకట్టించాలి, కంటైనర్ ఎక్కాలి, సముద్రం దాటాలి. ఇదంతా వారాల పని. సుంకం కట్టాల్సింది అక్కడి దిగుమతిదారు అని చట్టం. అతను ఆ భారం ఇక్కడి ఎగుమతిదారుకు చెప్పాడు. ఎగుమతిదారు ఏజెంటుకు చెప్పాడు. ఏజెంటు గట్టు మీదున్న రైతుకు చెప్పాడు. రైతు కింద ఇక రొయ్య ఒక్కటే ఉంది, దానికి చెప్పుకుందామంటే అది అప్పుడే మేతకు వచ్చింది. వారం తిరక్కుండా సుంకం వాయిదా పడింది కదా, పడ్డ రేటు లేవాలి కదా అని వియ్యంకుడు అడిగితే, తొందరపడకండి, మార్కెట్ ఇంకా కుదుటపడలేదన్నారట. పడటానికి ఒక్క మాట చాలిన మార్కెట్టు లేవడానికి మాత్రం అధ్యయనం చేస్తుంది.

అసలీ వనామి ఎవరి పిల్ల? పుట్టుక చూస్తే అమెరికా ఖండాల పసిఫిక్ తీరం. 1990ల్లో మనం పెంచింది టైగర్ రొయ్య. తెల్లమచ్చ తెగులు దాన్ని, దాన్ని నమ్ముకున్నవాళ్లను ఊడ్చేశాక, 2009లో ప్రభుత్వం వనామికి అనుమతిచ్చింది. రోగం లేని తల్లి రొయ్యలు హవాయి, ఫ్లోరిడాల నుంచి విమానంలో దిగుతాయి. చెన్నై నీలాంకరైలో క్వారంటైన్ చేస్తారు. తర్వాత మన తీరంలోని హేచరీల్లో పిల్లలు పెడతాయి. అంటే భీమవరం రొయ్య చాలామటుకు అమెరికా పౌరురాలి కూతురు. అమ్మమ్మగారింటికి పోతుంటే గడప దగ్గర ఆపి సగం ఒళ్లు కోసుకున్నారు. పుట్టుకతో వచ్చే పౌరసత్వం మీద ఆ అధ్యక్షుడికి ఎంత మంటో తెలుసు గానీ, జలచరాల దాకా వస్తుందనుకోలేదు.

ఇక్కడే వరంగల్‌కు మంట తగిలింది. రొయ్యల మీద రెండో పాతిక పడిన ఆగస్టు 27 నుంచి నెల తిరక్కముందే, సెప్టెంబరు 19న, కొత్త హెచ్-1బి వీసా దరఖాస్తుకు లక్ష డాలర్లన్నారు. తెలుగు నేల నుంచి అమెరికా పోయే రెండు పెద్ద సరుకులూ ఒకే సీజన్‌లో దెబ్బతిన్నాయి. ఒకటి కోస్తా చెరువుల్లో పెరుగుతుంది, రెండోది మా హనుమకొండ హాస్టళ్లలో. ఇక్కడ 1959లో పెట్టిన కాలేజీ ఇప్పుడు ఎన్ఐటీ, దాని చుట్టూ కోచింగుల ఆక్వా జోన్. రెంటినీ కిక్కిరిసేలా వేస్తారు. రెంటికీ రాత్రంతా గాలి ఆడించాలి, కరెంటు పోతే తేలిపోతాయి. వేళకు మేత, నెలకో పరీక్ష, తేడా వస్తే మందు. అంకె తగ్గేకొద్దీ ధర పెరగడం కౌంట్‌లోనే కాదు, ర్యాంకులోనూ ఉంది. ఇద్దరి తండ్రులూ అప్పు చేసే పెంచుతారు. తేడా ఒక్కటే. అమ్ముడుపోని రొయ్యను వండుకోవచ్చు.

దేశం మొత్తం 2024-25లో 16,98,170 టన్నుల సముద్ర ఉత్పత్తులు విదేశాలకు అమ్మి 62,408 కోట్ల రూపాయలు తెచ్చుకుంది. అందులో 43 వేల కోట్లకు పైగా గడ్డకట్టించిన రొయ్యే. అన్నిటికన్నా పెద్ద గిరాకీ అమెరికా, అన్నిటికన్నా పెద్ద చెరువు ఆంధ్రప్రదేశ్. అమెరికావాళ్లు తినే రొయ్యల్లో నూటికి తొంభై పైనే బయటి నుంచి రావాలి. వాళ్ల తిండి సంగతి వినాలంటే రెడ్ లాబ్‌స్టర్ కథ వినాలి. ఆ హోటళ్ల సంస్థ 2023లో 20 డాలర్లకు తిన్నంత రొయ్య అన్న పథకాన్ని రోజువారీ చేసింది. అప్పటి యజమానుల్లో రొయ్యలమ్మే థాయ్ యూనియన్ ముఖ్యుడు. జనం కూర్చున్నారు, లేవలేదు. ఒక్క త్రైమాసికంలో కోటీ పది లక్షల డాలర్ల నష్టం. 2024 మేలో దివాలా దరఖాస్తు. మా ఊరి పెళ్లిలో వడ్డించే కుర్రాణ్ని అడిగినా చెప్పేవాడు, కొసరి కొసరి వడ్డించేది కడుపు నిండినవాడికేనని.

అలాంటి మహారాజ పోషకుడు ముఖం తిప్పుకున్నాక మనకు మనం గుర్తొచ్చాం. ఇంతకాలం వియ్యంకుడు పండక్కి పంపింది పూతరేకులే. రొయ్యల మాటెత్తితే, "అది ఎక్స్‌పోర్టు మాలండీ బావగారూ," అని గొంతు తగ్గించేవాడు, గుడి నగల గురించి మాట్లాడినట్టు. సెప్టెంబరులో మా గుమ్మంలో థర్మోకోల్ పెట్టె దిగింది. వెంటనే ఫోను.

"నలభై కౌంటండి. మనవాళ్లే తినాలండి. మనం తినకపోతే ఎవరు తింటారండీ?"

"నిన్నటిదాకా ఎవరు తిన్నారు బావగారూ?"

"అది వేరండి. ఇప్పుడు దేశం కోసమండి."

దేశం కోసం ఒలవడానికి కూర్చున్నాం. మెడ దగ్గర తిప్పి తల లాగాలి. కాళ్ల వైపు నుంచి పొట్టు విప్పాలి. వీపు మీద సన్నగా గీత పెట్టి నల్లటి పేగు పుల్లతో ఎత్తాలి. తోక వదలాలా తీయాలా అన్నది అమెరికాలో రెండు వేర్వేరు ధరలు, మా ఇంట్లో ఒక చిన్న తగాదా. రెండు కిలోలయ్యేసరికి ఐసు నీళ్లకు వేళ్లు మొద్దుబారాయి, కొమ్ము గుచ్చుకుని బొటనవేలు మండింది. ఫ్యాక్టరీల్లో ఈ పని షిఫ్టంతా నిలబడి చేసేది ఆడవాళ్లే. అమెరికన్ పళ్లేనికి అందంగా చేరే ప్రతి తోక వెనుకా వాళ్ల వేళ్లున్నాయి. సుంకాల మీద జరిగే సమావేశాల్లో రైతులుంటారు, ఎగుమతిదారులుంటారు, మంత్రులుంటారు. వేళ్లవాళ్లకు కుర్చీ వేసినట్టు ఏ ఫొటోలోనూ చూడలేదు. ఆర్డరు తగ్గితే ముందు తగ్గేది వాళ్ల షిఫ్టు.

పెట్టె అయిపోయింది గానీ దేశభక్తి మిగిలింది. కార్తీకం వెళ్లిన తొలి ఆదివారం మా చేపల మార్కెట్టుకు పోయాను. చెరువు గట్టున రేటు పడిపోయింది కాబట్టి ఇక్కడా పడి ఉండాలి, అర్థశాస్త్రం అలాగే చెబుతుంది. రొయ్యల గంప ముందు కూర్చున్నావిడ మొన్నటి ధరే చెప్పింది.

"అక్కా, ట్రంపు దెబ్బకు రేటు పడ్డది గద?"

"పడ్డదని మీరు పేపర్ల రాస్తరు సారూ. గా పడ్డ రేటు నా దాకా ఎందుకొస్తది? ఐసుకు పైసలు, బండికి కిరాయి, నడుమ ఇద్దరు సేట్లు. కొర్రమట్ట తీస్కపో, పొద్దుగాల పట్టింది, ఇంగ కొట్టుకుంటాంది."

నడుమ ఉన్న ఆ ఇద్దరి దగ్గరే రేటు ఎక్కడో పడి ఉంటుంది, వెతికినవాళ్లు లేరు. ముప్పై ఏళ్లు రొయ్య పెంచి ఇంట్లో తినేవాణ్ని పెంచుకోలేదు మనం. కోడిగుడ్డుకు 1982లోనే నెక్ అనే సమన్వయ కమిటీ పుట్టింది. బి.వి. రావు పూనుకుని ధర తామే చెప్పుకోవడం, తినమని ఊరూరా టముకు వేయడం నేర్పారు. రొయ్యకూ అలాంటి కమిటీ కావాలన్న మాట 2025లో, ఇల్లు అంటుకున్నాక వినిపించింది. జాతీయ మత్స్య అభివృద్ధి బోర్డు 2006 నుంచీ హైదరాబాద్‌లోనే ఉంది. అచ్చం చేప ఆకారంలో కట్టుకున్న భవనం, ఎయిర్‌పోర్టుకు పోయే ఎక్స్‌ప్రెస్‌వే మీంచి కనిపిస్తుంది. దేశంలో చేపల వాడకం పెంచడం దాని పనుల్లో ఒకటి. జనం దాన్ని చూసి ఫొటోలు తీసుకుంటున్నారు, ఆ మేరకు వాడకం పెరిగినట్టే. తెలంగాణ ప్రభుత్వం కూడా 2017 నుంచి మా చెరువుల్లో మంచినీటి రొయ్య పిల్లలు వదిలింది. ఎన్ని వదిలారో కాగితం చెబుతుంది, ఎన్ని దొరికాయో చెరువు చెప్పాలి.

స్క్విడ్ సంగతి అడక్కండి. కొచ్చి నుంచీ వెరావల్ నుంచీ స్పెయిన్‌కూ ఇటలీకీ పోయే సరుకది. హనుమకొండలో ఒక హోటలు మెనూలో కలమారి అని చూసి తెప్పించాను. వేయించిన చేగోడీల్లా ఉంది, నమలడానికి మాత్రం రెండు సాయంత్రాలు కావాలి.

తీరం నుంచి మాకు సుంకం లేకుండా, ఐసు లేకుండా, నేరుగా ఇంట్లోకి వచ్చిన సరుకు ఒకటుంది. 2025 అక్టోబరు 28 రాత్రి మొంథా తుపాను నరసాపురం దగ్గర తీరం దాటి, తిన్నగా మా వైపే నడిచింది. హనుమకొండ జిల్లా భీమదేవరపల్లిలో వాన 40 సెంటీమీటర్లు దాటింది. హంటర్ రోడ్డు మీద పడవలు తిరిగాయి. అక్కడ చెరువు గట్లు తెగాయేమోనని నేను, ఇక్కడ మా గోడలు తడిశాయేమోనని వియ్యంకుడు, ఒకరికొకరం ఫోన్లు చేసుకున్నాం. ఎన్నడూ లేనిది ఇద్దరం ఒకే నీళ్లలో ఉన్నాం.

ఇప్పుడు కొత్త గుమ్మాల వెతుకులాట నడుస్తోంది. 2025 సెప్టెంబరులో యూరోపియన్ యూనియన్ మరో 102 భారతీయ యూనిట్లకు అనుమతిచ్చింది. అదే ఏడు జులైలో సంతకమైన బ్రిటన్ ఒప్పందం ప్రకారం అక్కడ రొయ్యకు సుంకం ఉండదు. 2017లో తెల్లమచ్చ భయంతో తలుపు వేసుకున్న ఆస్ట్రేలియా, 2025 అక్టోబరులో షరతుల మీద సందు ఇచ్చింది. మొన్న నేనే ఫోను చేసి, పెట్టె ఎప్పుడు బయల్దేరుతుందని అడిగాను.

"ఈ వారం లేదండీ బావగారూ," అన్నాడు వియ్యంకుడు, గొంతు తగ్గించి. "రేటు కాస్త కదులుతోందండి. పూతరేకులు పంపమంటారా?"